నునుపు మేస్త్రీ చెయ్యి

అన్న వేసిన రెండో దెబ్బకి నునుపు మేస్త్రీ వెళ్ళి ఇస్త్రీ బల్లకి కొట్టుకున్నాడు. బల్ల మీద మడతపెట్టి ఉన్న తెల్లచొక్కాలు అయిదారు జారి నేల మీద పడ్డాయి. వాటి మీద అతని ముక్కులోంచి రక్తం బొట్లు బొట్లుగా రాలింది.

"అయ్యో, పరాయివాళ్ళ బట్టలు!" అనేసింది బుల్లెమ్మ.

అన్న గిరుక్కున తిరిగాడు. "మొగుడు చెయ్యి విరగ్గొడితే కట్టు కట్టించుకు కూర్చుని, బట్టల గురించి ఏడుస్తున్నావా? నీకసలు బుద్ధుందా బుల్లీ?"

బుద్ధి మాటేమో గాని అలవాటుంది. పదకొండేళ్ళుగా ఆ బల్ల ముందు నిలబడి వీధి వీధంతటి బట్టలూ ఇస్త్రీ చేసిన మనిషి. మరక పడితే ముందు గుండె అదురుతుంది, ఆ మరక ఎవరి రక్తమన్నది తరవాతే తడుతుంది. ఇప్పుడా కుడిచెయ్యి మోచెయ్యి దాకా పిండికట్టులో ఉంది. మెడకి కట్టిన గుడ్డలో వేలాడుతోంది.

ఆమె వీధి తలుపు పక్కనే స్టూలు మీద కూర్చుంది. కాళ్ళ దగ్గర సంచీ ఉంది. తెల్లారగానే ఎడంచేత్తో తంటాలు పడి తనవీ పాపవీ నాలుగు జతలు కుక్కి పెట్టిన సంచీ అది.

వంటింటి గుమ్మంలో అత్త నిలబడి, తొమ్మిదేళ్ళ పాపని పొట్టకేసి అదుముకుని దాని రెండు చెవులూ మూసింది. చెవులు మూస్తే కళ్ళు ఊరుకుంటాయా? పాప రెప్ప వెయ్యకుండా అంతా చూస్తూనే ఉంది.

"బండి వీధి చివర పెట్టి వచ్చాను," అన్నాడు అన్న, ఆయాసపడుతూ. లారీ తోలే మనిషి. కబురందగానే సరుకు దింపకుండానే బండి తిప్పుకుని వచ్చేశాడు. "లే. పాపని తీసుకో. ఇంక ఈ గడప తొక్కేది లేదు."

బుల్లెమ్మ లేవలేదు.

"లేవమంటున్నానా?"

"ఒక్క మాట అడగనియ్యి అన్నయ్యా."

"ఇంకా మాటలేంటి? చేతిలో ఎముక రెండు ముక్కలైంది! ఇంకేం అడుగుతావు?"

ఆమెకి అడగవలసింది ఒకటే. నిన్న సాయంత్రం నుంచీ అదే నమిలి నమిలి నోరు చేదెక్కింది. తెలిసి విరిచాడా, తెలియక విరిచాడా? తెలిసి విరిచాడంటే సంచీ ఎత్తుకుని వెళ్ళిపోతుంది, మళ్ళీ వెనక్కి చూడదు. తెలియకైతే... తెలియకైతే ఏం చేస్తుందో ఆమెకే తెలియదు. ఆ మనిషేమో నిన్నటి నుంచీ నోరు విప్పడు. ఆసుపత్రిలో డాక్టరు అడిగినా గోడకేసి చూస్తూ నిలబడ్డాడు. ఇప్పుడు బావమరిది ఇలా చితక్కొడుతున్నా కిక్కురుమనడే!

తలుపులు చేసే షెడ్డులో అతనికా పేరు ఊరికే రాలేదు. అక్కడ తలుపైనా, బల్లైనా, కుర్చీ చెయ్యైనా సరే, నునుపు మేస్త్రీ కళ్ళు మూసుకుని దాని మీద అరచెయ్యి నడిపించందే బయటికి పోదు. "ఇక్కడ గరుకుంది, ఇంకో నాలుగు చేతులు చిత్రిక తొయ్యండి" అంటాడు. కళ్ళతో ఎంత వెతికినా అక్కడ ఏమీ కనబడదు. తోసి చూస్తే మాత్రం తేడా తెలుస్తుంది.

పెళ్ళైన కొత్తలో ఆమె వీపు మీద కూడా అలాగే కళ్ళు మూసుకుని అరచెయ్యి నడిపించేవాడు. "ఇదుగో, ఇక్కడ గరుకుంది" అనేవాడు కావాలనే. "నీ మొహం!" అని ఆమె మోచేత్తో పొడిచేది. ఇద్దరూ నవ్వుకునేవారు. ఇరుకు ఇల్లు, పక్కగదిలో అత్త, నోటికి దుప్పటి అడ్డం పెట్టుకుని మరీ నవ్వుకునేవారు.

అలాంటిది ఎనిమిది నెలలైంది, ఆ చెయ్యి ఆమెకి తగిలి. ఎనిమిది నెలల కిందట షెడ్డులో నిచ్చెన మీంచి పడ్డాడు. భుజానికి కట్టు కట్టారు, నెల తిరక్కుండా విప్పేశారు. మానిపోయిందన్నాడు. అదిగో, అప్పటినుంచీ మనిషి మారిపోయాడు. పక్క విడిగా వేసుకున్నాడు. టీ గ్లాసు ఆమె చేతిలోంచి తీసుకోడు, బల్ల మీద పెట్టమంటాడు. పాప ఒళ్ళోకి ఎక్కబోతే పని గుర్తొచ్చినవాడిలా లేచిపోతాడు. ఇంకో ఆడది ఉందా అనుకుంది. తన ఒంటికి గంజి వాసన పట్టేసిందేమో అనుకుంది. అద్దం ముందు నిలబడి పొట్ట లోపలికి పీల్చుకుని కూడా చూసుకుంది, పిచ్చిది. ఆఖరికి ఆ షెడ్డు పిల్లిని చూసినా అసూయ పడే స్థితికి వచ్చింది. దాన్నైనా నిమురుతాడేమో కదా!

నిన్న సాయంత్రం ఇంక పట్టలేకపోయింది.

"నన్నెందుకు ముట్టుకోరు? నాకేం రోగమొచ్చిందని?" అంది. అతను మొహం తిప్పుకున్నాడు. "మీరు చెప్పకపోతే మానెయ్యండి. ఇప్పుడే షెడ్డుకెళ్ళి మీ యజమానినే అడుగుతాను, ఈ మనిషికి ఏమైందని" అని చెప్పులేసుకుంది.

అతను ఆమె కన్నా ముందు తలుపు దగ్గరికొచ్చి గడియ పెట్టేశాడు. గడియ మీద చెయ్యి అలాగే ఉంచి నిలబడ్డాడు. ఆమె అతని మొహం చూడలేక ఆ చేతినే చూసింది. బొటనవేలి గోరు నల్లగా కమిలిపోయి ఉంది. ఇదెప్పుడు తగిలింది, నాకు చెప్పలేదేం అనుకుంది, అంత కోపంలోనూ. "తియ్యండి తలుపు" అని తన కుడిచెయ్యి గడియ మీదికి చాచింది. అప్పుడు పడింది మణికట్టు మీద పట్టు.

చెప్పుకుంటే సిగ్గుచేటు గాని, మొదటి క్షణం ఆమె ఒళ్ళు సంతోషించింది. ఎనిమిది నెలల తరవాత తగిలిన మొగుడి చెయ్యి మరి! వెచ్చగా ఉంది. "అమ్మయ్య" అనుకుంది ఒళ్ళు. ఆ పట్టు బిగిసింది. ఇంకా బిగిసింది. ఆమె అరిచింది. అరిచాక కూడా బిగిసింది. అప్పుడు సన్నటి చెక్క రీపు విరిగినట్టు చిన్న చప్పుడైంది.

"చెప్పండి," అంది బుల్లెమ్మ ఇప్పుడు, స్టూలు మీంచే. "తెలిసి చేశారా, తెలియక చేశారా? నాకదొక్కటీ చెప్పండి చాలు."

మేస్త్రీ చొక్కా అంచుతో ముక్కు తుడుచుకున్నాడు.

"అదీ వాడి జవాబు!" అన్నాడు అన్న. "నువ్వు మనిషివే అనుకోవడం లేదు వాడు. నేను అనిపిస్తానుండు."

గోడవార మేస్త్రీ పనిముట్ల పెట్టె ఉంది. అన్న దాన్ని కాలితో తన్నాడు. ఉలులూ, చిత్రికా, ఆకురాళ్ళూ ఇల్లంతా చెల్లాచెదరయ్యాయి. పాప కాలి దగ్గరికి ఒక ఉలి దొర్లుకుంటూ వచ్చి ఆగింది. అన్న వంగి కొయ్యసుత్తి అందుకున్నాడు.

"ఒరేయ్ నాన్నా!" అని కొడుకుని చూసి అరిచింది అత్త, అన్నకి చేతులు జోడిస్తూ. "బాబూ, నీకు దణ్ణం పెడతాను, వద్దు!"

"అత్తయ్యా, మీరు కదిలారంటే మర్యాద దక్కదు. నా చెల్లెలి చెయ్యి పుటుక్కుమన్నప్పుడు మీరు ఇంట్లోనే ఉన్నారుగా? అప్పుడు పెట్టాల్సింది ఈ దణ్ణాలు." మేస్త్రీ చొక్కా పట్టుకుని బల్లకేసి నెట్టాడు. "ఏ చేత్తో విరిచావురా? చెప్పు! ఏ చేత్తో?"

కుళాయిలోంచి బకెట్లోకి పడే చుక్కల చప్పుడు వినిపించింది.

మేస్త్రీ కుడిచెయ్యి ఎత్తి, వేళ్ళు విడదీసి, ఇస్త్రీ బల్ల మీద బోర్లా పెట్టాడు.

"ఈ చేత్తోనే బావా," అన్నాడు. నిన్నటి నుంచీ అతని నోట్లోంచి వచ్చిన మొదటి మాట అది. "కొట్టు."

"కొట్టననుకున్నావా?"

"కొట్టమనే అంటున్నాను."

బుల్లెమ్మ "అన్నయ్యా" అనబోయింది. నోరు పెగిలేలోపే సుత్తి దిగింది. వేళ్ళ మీద పడింది. నిన్న విన్న చప్పుడే మళ్ళీ వినిపించింది, ఈసారి ఇంకొంచెం గట్టిగా. తన మణికట్టే ఇంకోసారి విరిగినట్టు ఆమె కట్టుని గుండెలకి అదుముకుంది.

మేస్త్రీ మాత్రం అరవలేదు. పళ్ళు కొరుక్కోలేదు. కనురెప్ప కూడా అదరలేదు. పక్కింటివాళ్ళ చేతిని ఎవరో కొట్టినట్టు, బల్ల మీదున్న తన చేతిని చూస్తున్నాడు.

అన్న సుత్తి ఎత్తి మళ్ళీ కొట్టబోయి ఆగిపోయాడు. "ఏంట్రా ఇది? నొప్పి లేదా నీకు?"

"లేదు."

"లేదంటే?"

"లేదు బావా. ఎనిమిది నెలలైంది. నిచ్చెన మీంచి పడ్డప్పుడు భుజంలో నరం పోయింది. వేళ్ళు కదులుతాయి, పట్టుకుంటాయి. స్పర్శ లేదు. నిప్పు మీద పెట్టినా నాకు తెలియదు." ఆ చేతిని ఎడంచేత్తో ఎత్తి చూపించాడు, ఇంకెవరి వస్తువో ఎత్తినట్టు. మధ్యవేళ్ళు రెండూ వంకరపోయి అప్పుడే వాస్తున్నాయి. "ఈ గోరు చూడు. నెల కిందట సుత్తి పడింది. చెక్క మీద రక్తం చూశాకే తెలిసింది, కొట్టుకున్నానని."

అన్న చేతిలోంచి సుత్తి జారి కిందపడింది.

"మరి షెడ్డులో ఎలా నెట్టుకొస్తున్నావు? నీ అరచెయ్యి మీదే కదా నడిచేది అక్కడంతా?"

మేస్త్రీ మొహంలో, అంత రక్తంలోనూ, ఏదో వెలుగు లాంటిది వచ్చింది.

"ఎడంచేత్తో. నేను కళ్ళు మూసుకోగానే అందరూ నా మొహమే చూస్తారు గాని చేతినెవడు చూస్తాడు? మొదట్లో రెండు తలుపులు వెనక్కొచ్చాయి. తరవాత నేర్చుకుంది. ఇప్పుడు కుడిచేతి కన్నా ఇదే నయం. బల్ల మీద వెంట్రుక అడ్డం పడినా పట్టేస్తుంది." అని మళ్ళీ మొహం దించుకున్నాడు. "యజమానికి తెలిస్తే ఆ పూటే వద్దు పొమ్మంటాడు. ఇంట్లో తెలిస్తే షెడ్డుకి తెలియడానికి ఎంతసేపు? అందుకే చెప్పలేదు."

"పాపని ఎత్తుకోకపోవడం కూడా అందుకేనా?" అని అడిగింది అత్త, ఏడుపు గొంతుతో.

"ఒకసారి ఎత్తుకున్నానమ్మా. అబ్బా అని అరిచింది. దించి చూస్తే చంక కింద నా అయిదువేళ్ళూ కమిలి ఉన్నాయి. ఎంత గట్టిగా పట్టుకున్నానో నాకు తెలియలేదు."

"అవును," అంది పాప మెల్లిగా. "నాన్న నన్ను గిల్లాడనుకున్నాను."

బుల్లెమ్మకి ఏడుపు ఆగలేదు. వెక్కి వెక్కి ఏడ్చింది. పిచ్చి మనిషి! చెప్పొచ్చుగా? నేనేమన్నా షెడ్డు యజమానినా, వద్దు పొమ్మనడానికి? ఎనిమిది నెలలు అద్దంలో పొట్ట చూసుకుని కుమిలిపోయానే! తెలియక చేశాడు. తెలియకే చేశాడు. ఆ మాట లోపల ఎన్నిసార్లు అనుకుందో లెక్కలేదు. అనుకున్న కొద్దీ ఛాతీ మీది బరువు దిగిపోతోంది. ఎక్కడో చిన్న చెక్కపేడు గుచ్చుకున్నట్టు ఏదో ఒకటి మిగిలింది గాని, అదేమిటో వెతుక్కునే ఓపిక లేదు.

కాలితో సంచీని స్టూలు కిందికి నెట్టేసింది.

అన్న అది చూశాడు. మొహం చెల్లక తల గోక్కున్నాడు. "బావా, నన్ను... నేనెట్లా..." అని మాట మింగేశాడు. "ముందు ఆసుపత్రికి పద. బండి గుమ్మం ముందుకి తెస్తాను. రెండే నిమిషాలు." తలుపు బార్లా తీసి పరుగులాంటి నడకతో వెళ్ళిపోయాడు.

"విన్నావుగా అమ్మాయ్," అంది అత్త. "పాపం, చేతికే తెలియకపోతే వాడికేం తెలుస్తుంది?" ముక్కు చీదుకుంటూ, కట్టడానికి పాతగుడ్డ వెతకడానికి పెరటివైపు వెళ్ళింది.

పాప నేలమీది చొక్కాలు ఒక్కొక్కటే ఏరి దులుపుతోంది.

మేస్త్రీ వచ్చి బుల్లెమ్మ ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. నలిగిన కుడిచెయ్యి పక్కకి వేలాడేశాడు. ఎడంచెయ్యి మెల్లిగా ఎత్తి ఆమె చెంప మీద పెట్టాడు.

ఆమె కళ్ళు మూసుకుంది. ఎనిమిది నెలల దాహం మరి. ఆ వేళ్ళు కన్నీటిచారని పైనుంచి కిందికి తుడిచాయి. ఎక్కడ ఒత్తాలో అక్కడ ఒత్తాయి, ఎక్కడ తేలాలో అక్కడ తేలాయి. పెదవి పక్కన తడికి అంటుకున్న ఒక వెంట్రుకని రెండు వేళ్ళతో పట్టుకుని, చర్మానికి తెలియనంత మెత్తగా తీసి చెవి వెనక్కి సర్దాయి.

"నన్ను వదిలిపోకు," అన్నాడు.

"పోను," అందామనుకుంది. ఆ చేతిలోకి చెంప ఇంకాస్త వాల్చబోయింది.

వెచ్చగా ఉంది. నిన్న మణికట్టుకి తగిలిన వెచ్చదనమే ఇది. సరిగ్గా ఇదే చెయ్యి.

కళ్ళు తెరిచింది. పక్కన వేలాడుతున్న చేతికి నల్లగోరు ఉంది. ఆ నల్లగోరు నిన్న ఆమె మణికట్టు మీద లేదు. గడియ మీద ఉంది. తను అరిచినంతసేపూ దాన్నే చూస్తూ అరిచింది. గడియ మీంచి ఆ చెయ్యి కదల్లేదు.

వెంట్రుక అడ్డం పడినా పట్టేసే చేతికి, ఎముక వంగుతుంటే తెలియలేదా? ఏ చెయ్యని అన్నయ్య అడిగితే చచ్చిపోయిన చేతిని బల్ల మీద పెట్టాడు. నొప్పి తెలియని చేతికి దెబ్బ తినిపించి, అందరి చేతా అయ్యో అనిపించాడు. తన చేత కూడా!

మాట్లాడకుండా ఊరుకుంటే బాగుండేది. అన్న బండి వచ్చేదాకా నవ్వుతూ కూర్చుంటే ఇంకా బాగుండేది. కాని బుల్లెమ్మ నోరు ఊరుకునే నోరు కాదు.

"ఏవండీ," అంది. "నిన్న గడియ మీదున్నది ఏ చెయ్యి?"

చెంప మీద వేళ్ళు ఆగిపోయాయి.

అతను వెంటనే చెయ్యి తీసెయ్యలేదు. ఆమె కళ్ళలోకి చూశాడు. ఆ చూపులో ఇప్పుడు ఏడుపు లేదు, బతిమాలడం లేదు. నలభై తలుపుల్లో ఒక్కదాని మీద గరుకు తగిలినప్పుడు షెడ్డులో ఎలా చూస్తాడో అలా చూశాడు.

వీధి చివర లారీ ఇంజను అందుకుంది.

"పాపా," అన్నాడు మేస్త్రీ, తల తిప్పకుండా. "చొక్కాలు అక్కడ పెట్టి నువ్వు నాన్నమ్మ దగ్గరికి వెళ్ళమ్మా."

పాప చొక్కాలు పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

ఎడంచెయ్యి చెంప మీంచి మెల్లిగా దవడ కిందికి జారింది. అక్కడ నరం ఎంత వేగంగా కొట్టుకుంటోందో ఆ వేళ్ళకి తెలుస్తూనే ఉంది. పక్కన వేలాడుతున్న కుడిచెయ్యి లేచింది. విరిగిన వేళ్ళతోనే వీధి తలుపుని దగ్గరికి నెట్టి, నల్లగోరు బొటనవేలితో గడియ వేసింది.